చెవి వెనక చూపు

మా ఆయన సినిమాల్లో గుడ్డివాడు. ఏదో ఒకటీ అరా కాదు, పదేళ్ళ పైచిలుకు గుడ్డివాడే. గుడ్డి బిచ్చగాడు, గుడ్డి పాస్టరు, వయొలిన్ వాయించే గుడ్డివాడు, గనిలో పేలుడుకి కళ్ళు పోయిన కూలీ. గుడ్డివాడు అక్కర్లేని కథ అయితే దయ్యం. దయ్యం కూడా అక్కర్లేకపోతే వంటింట్లో కూర్చుని బఠాణీలు వొలిచేవాడు. పేరు ఓరిన్ ప్రూయిట్. మీరు విని ఉండరు. అప్పట్లో విన్నవాళ్ళే మర్చిపోయారు, మిమ్మల్ని ఏమనుకోను!

ఆ మనిషికి చూపులో ఏ లోపమూ లేదు. నేలమీద పడ్డ సూది నాకు దొరక్కపోతే ఆయనే వెతికి ఇచ్చేవాడు. తంటా అంతా కళ్ళ రంగుతో వచ్చింది. మరీ లేత నీలం. అప్పటి మూకీ సినిమాలకి మేం వాడే నలుపు-తెలుపు ఫిల్ముకి నీలం అంటే ఏమిటో తెలియదు, నీలాన్ని తెలుపు చేసేసేది. ఆకాశం తెల్లగా పడేది. నీలం చొక్కా తెల్లగా పడేది. ఓరిన్ కనుగుడ్లు ఉడకబెట్టిన కోడిగుడ్లలా పడేవి. మొదటిసారి పరీక్ష తీసి తెరమీద వేసినప్పుడు ఆ డైరెక్టరెవరో కుర్చీలోంచి లేచి, "ఈ మనిషిని వదలకండి, నాకు గుడ్డివాడు కావాలి" అన్నాడట. ఆ పూటతో మా తలరాత రాసేశాడు.

మిగతా నీలికళ్ళ నటులకి కెమెరా పక్కన నల్ల మఖమలు గుడ్డ పట్టుకునేవారు. ఆ నలుపు వంక చూస్తే కంటిపాప పెద్దదై, కాస్త కన్నంటూ ఒకటి ఉన్నట్టు పడేది. ఓరిన్‌కి ఏనాడూ ఎవరూ గుడ్డ పట్టలేదు. ఎందుకు పడతారు, ఆ తెల్లకళ్ళ కోసమేగా పిలిచింది!

నేనూ అదే స్టూడియోలో పనిచేసేదాన్ని, ఫిల్ము కత్తిరించి అతికించే గదిలో. అంతా ఆడవాళ్ళమే. చేతులకి తెల్ల తొడుగులు, బల్లకింద దీపం, గదినిండా అరటిపండు వాసన వేసే జిగురు. పొద్దున్నించీ నా మొగుడు ఆ దీపం మీద తెల్లకళ్ళేసుకుని లోయ అంచుకి నడుస్తూ ఉండేవాడు. నేను కత్తెరతో ఆపి, పడబోయే ముక్కకి పడ్డ ముక్క అతికించేదాన్ని. సాయంత్రం అదే మనిషి ఎదురుగా కూర్చుని ఉప్పు అందించమనేవాడు.

ఇదంతా ఓర్చుకున్నాను. నాకు ఒళ్ళు మండేది ట్రాములో.

ఓరిన్ ట్రాము ఎక్కగానే ఎవరో ఒకరు గుర్తుపట్టేవారు. అయ్యో పాపం అని లేచి సీటిచ్చేవారు. నిజంగానే గుడ్డివాడనుకునేవారు మరి. నటనేనని తెలియాలంటే కళ్ళున్న వేషంలో ఒక్కసారైనా కనబడాలిగా! మరొకరైతే "నాకు కళ్ళు కనిపిస్తాయండీ, థాంక్సు" అనేవారు. ఈయన అనడు. అంటే వాళ్ళు నలుగురిలో చిన్నబుచ్చుకుంటారట. అందుకని చెయ్యి గాల్లో ఆడించి, సీటు అంచు తడిమి, మెల్లగా కూర్చునేవాడు. దిగేటప్పుడు మెట్టు వెతుక్కుని మరీ దిగేవాడు. పక్కన నేను ఆయన భుజం పట్టుకుని నడిపించాలి. "ఎందుకయ్యా ఈ వేషాలు?" అంటే, "పాపం, మంచిమనసుతో లేచారు కదా లూ" అనేవాడు. నా పేరు లూయెల్లా.

పంతొమ్మిదివందల ఇరవయ్యారో సంవత్సరం జూన్‌లో ఒక మధ్యాహ్నం ఓరిన్ మా గది గుమ్మం దగ్గరికి వచ్చి నిలబడ్డాడు. ఫిల్ముకి నిప్పంటుకుంటుందని బయటివాళ్ళని లోపలికి రానివ్వరు. ఆయన ఎప్పుడూ రాడు కూడా. నేను తొడుగులు తీసి బయటికెళ్ళాను.

"కొత్త ఫిల్ము వచ్చింది లూ."

"వస్తే ఏమిటి?"

"దానికి నీలం తెలుసట."

కెమెరామన్ పీట్ లొమాస్కీ చెప్పాడట. "ఇక మీదట నీ కళ్ళు కూడా అందరి కళ్ళేనయ్యా ఓరిన్" అని వీపు తట్టాడట.

"సంతోషమే. మరి ఆ ఫిల్ము వస్తే నిన్నెవరు పిలుస్తారు? అందరి కళ్ళే అయితే అందరూ ఉన్నారుగా!"

"డైరెక్టరు హాస్కెల్ గారు నాకోసం ఒక వేషం చూశారు. ఏళ్ళ తరబడి ఓడల మీద తిరిగిన తండ్రి. రేవులో దిగుతాడు. ఎదురుగా ఒక అమ్మాయి నిలబడి ఉంటుంది. ముందు ఎవరో అనుకుంటాడు, తర్వాత తన కూతురని తెలుస్తుంది. అంతే లూ. ఇంకేం లేదు. చూడటమే వేషం."

"ఇస్తానన్నారా?"

"పరీక్ష తీస్తానన్నారు. పనికొస్తే నాది. లేకపోతే మాల్టన్‌ది."

మాల్టన్ అంటే మీసాలాయన. అన్నిటికీ ఆయనే ఉంటాడు. నేను నోరెత్తేలోపు ఓరిన్ అన్నాడు: "నేను ఇంతకాలం ఏదీ అడగలేదు కదా లూ. ఒక్కసారి తెరమీద ఎవరినైనా చూడాలని ఉంది. నేను చూస్తున్నానని జనానికి తెలియాలి. ఆ తర్వాత ట్రాములో అందరితోపాటు నిలబడి ఇంటికి రావాలి."

నాకు కళ్ళు చెమర్చాయి. దాన్ని దాచుకోవడానికి, "సరే, ముందు నన్ను చూసి చెప్పు ఆ మాట" అన్నాను.

అప్పుడు గమనించాను. ఆయన నన్ను చూడటం లేదు. నా చెవి వెనక గోడని చూస్తున్నాడు.

ఆ రాత్రి భోజనాల బల్ల దగ్గరే సాధన మొదలెట్టాం. ఇంట్లో ముగ్గురం: నేను, ఆయన, మా అమ్మ. నెబ్రాస్కాలో పొలం అమ్మేసి మా దగ్గరికొచ్చాక అమ్మకి పని తక్కువ, మాట ఎక్కువ అయింది.

"చూడు" అన్నాను.

"చూస్తున్నాను."

"నన్ను చూడవయ్యా! నా చెవి వెనక ఎవరున్నారు?"

ఆయన చూపు నా మొహం మీదికి వచ్చింది, అక్కడ నిలబడలేక మళ్ళీ జారి చెవి పక్కనుంచి వెళ్ళిపోయింది. తెచ్చాడు, జారింది. పళ్ళు బిగపట్టి మళ్ళీ తెచ్చాడు, కళ్ళనీళ్ళు తిరిగాయిగాని నిలవలేదు.

"నన్ను చూడు నాయనా" అంది అమ్మ కుర్చీ జరుపుకుని. "నేను పెద్దదాన్ని, నాకు సిగ్గేమిటి నీ దగ్గర."

"చూస్తున్నాను అత్తయ్యా."

"పొయ్యిని చూస్తున్నావు."

"మీ వెనక పొయ్యి ఉంది."

"అదే చెప్తున్నా. నేను ముందున్నాను!"

నేను గట్టిగా నవ్వాను. ఓరిన్ కూడా నవ్వాడు. నవ్వు అయిపోయాక ఫోర్కు పక్కన పెట్టి అసలు సంగతి చెప్పాడు. మొదట్లో ఒక డైరెక్టరు ఉండేవాడట. గుడ్డివాడి కన్ను కాస్త కదిలితే చాలు, "కన్ను కదిలింది, మళ్ళీ!" అని అరిచేవాడట. మొత్తం గుంపు, గుర్రాలు, దీపాలు అన్నీ ఈయన కన్ను కోసం మళ్ళీ మొదటికి రావాలి. అందరూ ఈయన్ని తిట్టుకునేవారు. అందుకని ఈయన ఒక ఉపాయం కనిపెట్టుకున్నాడు. ఎదుటిమనిషి చెవి వెనక గోడమీద ఒక చోటు ఎంచుకుని, ఏం జరిగినా కన్ను అక్కణ్ణుంచి తియ్యడు. ట్రాములో అలవాటు చేసుకున్నాడు, చర్చిలో అలవాటు చేసుకున్నాడు. వస్తువుల దగ్గర పరవాలేదు. మనిషి మొహం ఎదురుపడిందంటే చూపు దానంతటదే చెవి వెనక్కి వెళ్ళిపోతుంది.

"ఇంట్లో కూడానా?" అన్నాను.

ఆయన ఫోర్కు మళ్ళీ చేతిలోకి తీసుకున్నాడు. పెళ్ళయిన కొత్తలో ఈ మనిషి నన్ను రెప్పవెయ్యకుండా చూసేవాడు. నేను సిగ్గుపడి మొహం తిప్పుకునేదాన్ని. అది ఎప్పుడు ఆగిపోయిందో నాకు తెలియనే తెలియదు. పనుల్లో పడి నేనూ పట్టించుకోలేదు. నాకు ఉన్నట్టుండి ఆ డైరెక్టరెవడో వాణ్ణి పట్టుకుని నాలుగు తన్నాలనిపించింది.

జూన్ అంతా అదే గోల. కాఫీ తాగుతూ "చూడు", గిన్నెలు కడుగుతూ "చూడు", బట్టలు ఆరేస్తూ తాడుకి అవతల నుంచి "ఇటు చూడు". అద్దంలో తనని తను చూసుకోమన్నాను. అద్దంలో కూడా తన చెవి వెనక తలుపునే చూసుకున్నాడు! ఆ రోజు నేను గుడ్డ విసిరికొట్టి బయటికెళ్ళిపోయాను. ఆయన నా వెనకే వచ్చి, "ఆ రోజుకి వచ్చేస్తుంది లూ. కెమెరా ముందుకి వెళ్తే వచ్చేస్తుంది" అన్నాడు. ఆ మాట నేనూ నమ్మాను.

పరీక్ష జూలైలో తీశారు. మర్నాడు ఆ ఫిల్ము నా బల్లమీదికే వచ్చింది.

దీపం వేసి చూశాను. ఓరి దేవుడా, మా ఆయనకి కళ్ళున్నాయి! లేత బూడిద రంగులో, నల్లటి పాపతో, చుట్టూ ముడతలతో, నిక్షేపంగా మనిషి కళ్ళు. పక్కబల్ల మీది అమ్మాయిని పిలిచి చూపించాను. "మీ ఆయన ఇంత బాగుంటాడా లూ?" అంది అది. నాకు గర్వంతో ఛాతీ ఉప్పొంగింది.

తర్వాత ముందుకి జరిపాను. రేవులో దిగాడు. సంచీ దించాడు. ఆ అమ్మాయి వైపు నడిచాడు. చేతులు వణికించడం, టోపీ తీయడం, మోకాళ్ళలో సత్తువ పోవడం, అన్నీ చేశాడు. ఎంత బాగా చేశాడంటే ఆ చేతులు చూస్తే ఎవరికైనా ఏడుపొస్తుంది. కళ్ళు మాత్రం ఆ పిల్ల చెవి వెనక ఉన్న ఓడ తాడుని చూస్తున్నాయి. పాత ఫిల్మయితే అవి తెల్లగా ఉండి ఆ లోపం తెలిసేది కాదు. కొత్త ఫిల్ము వచ్చి ఆయన కళ్ళు బయటపెట్టింది, చూపు లేదన్న సంగతీ బయటపెట్టింది.

ముక్క చివరిదాకా వెళ్ళాను. మా పనిలో చివరి తోకని ఎవరూ చూడరు. డైరెక్టరు "కట్" అన్నాక పిడి తిప్పే కెమెరామన్ చెయ్యి ఆగేలోపు కెమెరా ఒకటి రెండు చుట్లు తిరుగుతుంది. ఆ కాస్తలో నటులు ముక్కు గోక్కుంటారు, ఆవలిస్తారు, వేషం దిగిపోతారు. దాన్ని కత్తిరించి బుట్టలో వేస్తాం. ఆ తోకలో ఓరిన్ భుజాలు జారాయి, తల తిరిగింది, ఆ పిల్ల మొహంలోకి చూశాడు. సరిగ్గా మొహంలోకి! ఎండలో నిలబడి అలిసిపోయావా అమ్మా అని అడుగుతున్నట్టు చూశాడు. అక్కడితో ఫిల్ము అయిపోయింది.

ఆ ముక్క పట్టుకుని నేను తొడుగులతోనే పరిగెత్తాను.

హాస్కెల్ గారు మంచాయనే. సిగరెట్టు పక్కన పెట్టి, ఫిల్ము వెలుతురికి పెట్టి, కళ్ళు చికిలించి చూశాడు. రెండోసారి కూడా చూశాడు.

"బాగుంది లూయెల్లా. చాలా బాగుంది. కానీ రెప్పపాటు కూడా లేదిది. దీన్నేం చేసుకోను?"

"ఆయన చూడగలడని తెలిసింది కదండీ!"

"కట్ అన్నాక చూడగలడు. ఇప్పుడేమంటావు, సినిమా అంతా కట్ కట్ అంటూ తియ్యమంటావా?"

"అనండి. ఎవరొద్దన్నారు? మీరు కట్ అనండి, లొమాస్కీ తిప్పుతూనే ఉంటాడు. ఆయనకి మాత్రం చెప్పొద్దు."

హాస్కెల్ గారు నా మొహం చూసి నవ్వడం మొదలెట్టి, మధ్యలో ఆపేశాడు. "మాల్టన్ వచ్చే వారం కాగితం మీద సంతకం పెడతాడు" అన్నాడు. "ఈ శనివారం పని అయిపోయాక ఒక్క పరీక్ష. నీ మాట మీద."

ఆ తోకని ఆ సాయంత్రమే బుట్టలో వేసెయ్యాల్సి వచ్చింది. మంటల భయానికి చిన్న ముక్క కూడా ఇంటికి పట్టుకెళ్ళనివ్వరు. పోతే పోనీ, శనివారం ఇంతకంటే పెద్దది వస్తుందిగా అనుకున్నాను.

లొమాస్కీకి నేనే దగ్గరుండి చెప్పాను. "హాస్కెల్ గారు కట్ అంటారు. నువ్వు ఆపకు. తిప్పుతూనే ఉండు."

"అర్థమైందమ్మాయ్."

"ఏమర్థమైంది?"

"కట్ అంటారు. నేను ఆపను."

"మళ్ళీ చెప్పు."

"ఓయమ్మో, నేను కెమెరా పట్టుకున్నప్పటికి నువ్వింకా స్కూలుకెళ్తున్నావు తల్లీ! ఆపను అన్నానుగా" అని కసిరాడు. సరే అని ఊరుకున్నాను.

శనివారం వేడిగాలి. స్టూడియో అంతా ఖాళీ అయిపోయింది. కూతురు వేషం వేసే పిల్లని వాళ్ళమ్మ ఉదయమే తీసుకెళ్ళిపోయింది. ఎదురుగా ఎవరో ఒకరు నిలబడాలిగా! హాస్కెల్ గారు చుట్టూ చూసి నన్ను నిలబెట్టాడు. నేను పని బట్టల్లో, జిగురు వాసనతో, చెదిరిన జుట్టుతో వెళ్ళి సుద్దగీత దగ్గర నిలబడ్డాను.

ఓరిన్ నున్నగా గడ్డం గీసుకుని ఉన్నాడు. రెండో అవకాశం ఇచ్చారన్నదే ఆయనకి తెలుసు. నా దగ్గరికి వచ్చి, "ఇవాళ వస్తుంది లూ" అని గొణిగాడు, నా చెవికి.

హాస్కెల్ గారు మొదలెట్టమన్నాడు. లొమాస్కీ పిడి తిప్పడం మొదలెట్టాడు. కెమెరా కరకరమంటోంది. ఓరిన్ సంచీ దించాడు. నా వైపు నడిచాడు. టోపీ తీశాడు. అన్నీ చేశాడు, చూపు మాత్రం చెవి వెనక్కి పోయింది. పరవాలేదు, పోనీ, అని లోపల అనుకుంటున్నాను. ఇంకాసేపు, ఇంకాసేపు.

"కట్" అన్నాడు హాస్కెల్ గారు.

ఓరిన్ ఊపిరి వదిలాడు. భుజాలు జారాయి. తల వంచి, "మళ్ళీ రాలేదు కదూ?" అన్నాడు. నేను కదలకుండా నిలబడ్డాను. మాట్లాడితే ఎక్కడ చెడిపోతుందోనని భయం.

"నీ జుట్టులో ఫిల్ము ముక్క ఉంది" అన్నాడు.

మా గదిలో అందరికీ ఉంటాయి. ఆయన చెయ్యి చాచి, ఆ ముక్కని వెంట్రుకల్లోంచి మెల్లగా లాగి తీశాడు. తీస్తూ తీస్తూ నన్ను చూశాడు. నా నుదురు చూశాడు, చెమట చూశాడు, కళ్ళలోకి చూశాడు. ఈమె ఎవరో నాకు తెలుసు, కానీ ఇంత అలిసిపోయిందని తెలియదే అన్నట్టు చూశాడు. రేవులో దిగిన తండ్రి చూడాల్సిన చూపు అది. అక్షరాలా అదే. అలా చూస్తూనే ఉన్నాడు. హాస్కెల్ గారు కుర్చీలోంచి లేచి నిలబడటం కంటికొసన కనిపించింది.

అంతా నిశ్శబ్దంగా ఉంది. గేటవతల ట్రాము గంట కూడా వినిపించింది. కెమెరా చప్పుడు లేదు.

నేను కెమెరా వైపు తిరిగాను. లొమాస్కీ పిడి మీద ఉన్న తన చెయ్యిని చూసుకుంటున్నాడు.

"ఆగిపోయింది" అన్నాడు. "నేను ఆపలేదు. కట్ అన్నాక కూడా కాస్త తిప్పాను, తర్వాత చెయ్యి దానంతటదే ఆగిపోయింది."

"నీ చెయ్యి విరగ!" అన్నాను నేను. నిజంగా అలాగే అన్నాను, హాస్కెల్ గారి ముందే. "ఒక్క పని చెప్పాను. ఒక్క పని! రెండుసార్లు చెప్పించాను కదయ్యా!"

"ఎన్నేళ్ళ అలవాటమ్మాయ్... ఆ మాట వింటే అది..."

"ఏమిటి సంగతి?" అన్నాడు ఓరిన్, మా ముగ్గుర్నీ మార్చి మార్చి చూస్తూ. మార్చి మార్చి మా చెవుల్ని చూస్తూ.

ఇక దాచి ఏం లాభం! హాస్కెల్ గారే చెప్పాడు. ఓరిన్ అంతా విన్నాడు. నా మీద కోపం తెచ్చుకుంటాడేమో అనుకున్నాను. తెచ్చుకున్నా బాగుండేది. ఆయన వెళ్ళి లొమాస్కీ భుజం మీద చెయ్యేశాడు. "పోనీలే పీట్, ఇంకోసారి చేద్దాం. నాకేం కష్టం" అన్నాడు. నాకు ఒళ్ళంతా కారం రాసినట్టయింది. నాశనమైంది తనదైతే వాణ్ణి ఓదారుస్తాడేమిటి!

ఇంకోసారి చేశాం. ఈసారి లొమాస్కీ ఆపలేదు, శ్రద్ధగా తిప్పుతూనే ఉన్నాడు. హాస్కెల్ గారు కట్ అన్నాడు. ఓరిన్ భుజాలు జారలేదు. కెమెరా తిరుగుతోందని తెలుసుగా మరి. చూపు నా చెవి వెనకే ఉండిపోయింది. మళ్ళీ చేశాం. మళ్ళీ కట్. వెలుతురు పోయేదాకా అదే మాట. ఆయన ప్రయత్నించకపోలేదు, నుదుటి నరాలు ఉబ్బాయి. చివరికి హాస్కెల్ గారు నిజంగానే "కట్, ఇక చాలు, ఇళ్ళకి పదండి" అన్నాడు. అప్పుడు కూడా ఓరిన్ అలాగే నిలబడి ఉన్నాడు, ఇంకా తీస్తున్నారనుకుని.

"నేను చూశాను లూయెల్లా" అన్నాడు హాస్కెల్ గారు నా దగ్గరికి వచ్చి. "ఆ మొదటిసారి. నా జన్మలో అలాంటిది చూడలేదు. కానీ నేను చూసి ఏం లాభం, కెమెరా పెట్టె చూడలేదు."

వేషం మాల్టన్‌కి పోయింది. ఆ మాట ఎవరూ పైకి అనలేదు, అక్కర్లేదు కూడా.

ట్రాము ఎక్కాం. శనివారం కదా, కిటకిటలాడుతోంది. ఇద్దరం పైన తోలుపట్టీ పట్టుకుని నిలబడ్డాం. ఆ ఒక్క పూటకైనా ఎవరూ గుర్తుపట్టకుండా ఉంటే చాలు దేవుడా అనుకుంటున్నాను. ఇంతలో ముందు సీట్లో ఒక ముసలావిడ, ఒళ్ళో కూరగాయల సంచీతో, చేతికర్ర మీద ఆనుకుని లేచింది. లేవలేక లేచింది.

"కూర్చో నాయనా. నిన్ను ఎరగనా! ఆ గని సినిమాలో నిన్ను చూసి ఎంత ఏడ్చానో."

"కూర్చోడు!" అన్నాను. ట్రాము మొత్తం నా వైపు తిరిగింది. "ఆయనకి కళ్ళు కనిపిస్తాయి. మీకంటే నాకంటే బాగా కనిపిస్తాయి. ఆయన గుడ్డివాడు కాదు, ఎప్పుడూ కాదు, మీరు కూర్చోండమ్మా!"

ముసలావిడ మొహం పాలిపోయింది. ఎక్కడ చూడాలో తెలియక సంచీని చూసుకుంది. ఎవరో కిసుక్కున నవ్వారు.

ఓరిన్ పట్టీ వదిలేశాడు. చెయ్యి గాల్లోకి చాచి, కాస్త ఎడమకి, కాస్త కుడికి ఆడించి, సీటు అంచు పట్టుకున్నాడు. "దేవుడు మిమ్మల్ని చల్లగా చూడాలమ్మా" అని, తడుముకుంటూ కూర్చున్నాడు. ఆవిడ ప్రాణం కుదుటపడింది. నా వైపు తిరిగి, పక్కవాళ్ళకి కూడా వినపడేలా, "ఏం పెళ్ళామే తల్లీ" అంది. ట్రాములో ఉన్నవాళ్ళంతా నన్ను ఎగాదిగా చూశారు. దిగేటప్పుడు ఎవరో కుర్రవాడు నన్ను పక్కకి నెట్టి మరీ ఆయన చెయ్యి పట్టుకుని దింపాడు.

ఇంటిదాకా నేను ఆయనకంటే నాలుగడుగులు ముందే నడిచాను.

సోమవారం ఆ పరీక్షల ఫిల్ము నా బల్లమీదికి వచ్చింది. పారెయ్యమని చీటీ. మొదటిదాన్ని దీపం మీద పెట్టి చివరికి జరిపాను. లొమాస్కీ చెయ్యి ఆగేలోపు తిరిగిన ఆ కాస్తలో ఓరిన్ చెయ్యి పైకి లేచి నా జుట్టు దాకా వచ్చింది. వేళ్ళు ఆ ఫిల్ము ముక్కకి తగలబోతున్నాయి. తర్వాత ఏమీ లేదు. వట్టి నలుపు. మిగతా వాటిలో ఉన్నది మీకు తెలిసిందే. అన్నీ చుట్టి బుట్టలో వేశాను. వాటిని కరిగించి వెండి తీస్తారు.

ఆ శనివారం తర్వాత ఓరిన్ స్టూడియో గడప తొక్కలేదు. తెల్లకళ్ళు రాని ఫిల్ముకి ఆయనతో పనిలేదు. ఆకులు రాలే వేళకి పక్క ఊరు గ్లెండేల్‌లో మేకులూ తాళాలూ అమ్మే కొట్లో కుదిరాడు. వెతకడం ఆయనకి బాగా వచ్చు కాబట్టి కొట్టువాడు సంతోషించాడు. నేను మాత్రం ఆ గదిలోనే ఉండి, తర్వాతి నెలలో మాల్టన్ రేవులో దిగడం కత్తిరించి అతికించాను. మీసాలాయన బాగానే చూశాడు, నా మొహం!

ఆ సోమవారం సాయంత్రం భోజనాల దగ్గర అమ్మ అడిగింది. "ఏం పడిందే ఫిల్ములో?"

"చెయ్యి."

"అంతేనా?"

"అంతే."

అమ్మ రొట్టె తుంచింది. "పోనీలే. ఎన్నాళ్ళకో నిన్నన్నా చూశాడు కదా."

"నన్ను చూస్తే ఎవడు టిక్కెట్టు కొంటాడమ్మా!" అని అరిచాను. అరిచాక ఏడుపొచ్చింది. అందరూ అదే మాట అంటారు, ఆ చూపు నీకు దక్కిందిగా అని. నాకెందుకు దక్కడం? అడిగింది ఆయన. ఒకే ఒక్కటి అడిగాడు. అది పెట్టెలో పడాల్సింది.

ఓరిన్ బీన్స్ గిన్నె నా వైపు జరిపాడు. "తిను లూ, చల్లారిపోతోంది" అన్నాడు, నా చెవి వెనక గోడ వైపు చూస్తూ.

నేను కళ్ళు తుడుచుకున్నాను. అమ్మకి వినపడకుండా, మెల్లగా, "కట్" అన్నాను.

ఆయన చూపు అక్కడే ఉంది.